మంద ఎన్నాళ్లకు రెట్టింపవుతుంది? ఎక్స్‌పొనెన్షియల్ సమీకరణంతో జంతువుల సంఖ్య లెక్కగట్టే పద్ధతి

"సార్, ఆ ఎక్స్‌పొనెన్షియల్ సూత్రం ఒక్కటీ చెప్పేయండి, మిగతాది నేను చూసుకుంటాను."

శ్రీకాకుళంలో డిగ్రీ పిల్లలకు లెక్కలు చెప్పడం మొదలుపెట్టినప్పటి నుంచి ఈ మాట ఎన్నిసార్లు విన్నానో నాకే గుర్తులేదు. ప్రాజెక్టులు ఇవ్వాల్సిన రోజులు దగ్గరపడితే వారానికి ఇద్దరు ముగ్గురైనా అడుగుతారు. ఈ మధ్య మేకల పెంపకానికి లోను పెట్టుకునేవాళ్లు కూడా అడుగుతున్నారు. అయిదేళ్లకు మంద ఎంతవుతుందో కాగితం మీద చూపించాలట. సూత్రం చెప్పడానికి అర నిమిషం చాలు. తేడా వచ్చేది దానికి ముందు తలలు లెక్కపెట్టడంలో, ఆ తర్వాత వచ్చిన జవాబును ఎంత దూరం నమ్మాలో తెలియకపోవడంలో. అందుకే ఒక్కొక్కరికీ విడివిడిగా చెప్పేకంటే అంతా ఒకచోట రాస్తున్నాను.

ముందు సూత్రం తీసుకోండి:

తర్వాతి సంఖ్య = మొదటి సంఖ్య × ఈ^(రేటు × కాలం)

ఇందులో "ఈ" (e) అంటే సుమారు 2.718 అనే స్థిరసంఖ్య, ^ గుర్తు అంటే ఘాతం. రేటు అంటే ఒక్కో తలకు పుట్టేవాటిలోంచి చచ్చేవాటిని తీసేస్తే మిగిలేది. వడ్డీ లెక్క తెలిసినవాళ్లకు ఇది కొత్తేమీ కాదు. నూటికి నెలకు రెండు రూపాయల వడ్డీకి అప్పు తెచ్చి, ఏ నెల వడ్డీని ఆ నెలే అసల్లో కలుపుతూ పోతే 35 నెలలకు అప్పు రెట్టింపవుతుంది. పుట్టిన పిల్ల పెద్దదై తానూ ఈనడం అంటే వడ్డీ మీద వడ్డీయే. థియరీ ఇంతకంటే అక్కర్లేదు.

ఏమేం కావాలి

- ఒకే చోట, సమాన వ్యవధుల్లో తీసిన లెక్కలు, కనీసం అయిదారు. రెండు లెక్కలతో కూడా జవాబు వస్తుంది. కానీ ఆ రెండిటి మధ్య ఏం జరిగిందో తెలియదు.
- సైంటిఫిక్ కాలిక్యులేటర్. లేకపోతే ఫోన్‌లో కాలిక్యులేటర్ తెరిచి ఫోన్ అడ్డంగా తిప్పండి, చాలా ఫోన్లలో ఎల్‌ఎన్ (ln) బటన్ కనిపిస్తుంది. అది సహజ సంవర్గమానం, అంటే "ఈ"ని ఎంత ఘాతానికి వేస్తే ఆ సంఖ్య వస్తుందో చెప్పేది. మనకు కావలసింది అదే. లాగ్ అని రాసి ఉన్న బటన్ వేరు.
- మామూలు గ్రాఫ్ కాగితం. సెమీలాగ్ కాగితం (నిలువు కొలత సంవర్గమానాల్లో ఉండేది) దొరికితే మంచిదే. నేను ఒకసారి షాపులో అడిగితే మామూలు గ్రాఫ్ పేపరే చేతిలో పెట్టి "ఇదే సార్ అది" అన్నాడు. దాని కోసం తిరగకండి.
- ఒక నోటుపుస్తకం. చావులు, అమ్మకాలు, కొన్నవి, పోయినవి తేదీతో సహా రాయడానికి. అందరూ వదిలేసేది దీన్నే, తర్వాత వెతుక్కునేదీ దీన్నే.

1. ఏ జంతువు, ఏ హద్దు అన్నది ముందే రాసుకోండి

"మా ఊరి మేకలు" అంటే సరిపోదు. ఎవరి మంద? పెంటి మేకలు మాత్రమేనా, పోతులు కూడానా? నెల నిండని పిల్లల్ని కలుపుతున్నారా, లేదా? ఏదైనా ఒకటి అనుకుని చివరిదాకా దానికే కట్టుబడండి. మొదటి ఏడాది పిల్లల్ని వదిలేసి, రెండో ఏడాది కలిపేస్తే మంద పెరగకపోయినా మీ పట్టికలో పెరిగినట్టే కనిపిస్తుంది.

2. కాలం యూనిట్‌ను జంతువును బట్టి ఎంచుకోండి

ఎలుక చూడి కాలం మూడు వారాలు, కుందేలుది నెల, మేకది అయిదు నెలలు, గేదెది పది నెలల పైచిలుకు, ఏనుగుది 22 నెలలు. కుందేళ్లను ఏడాదికోసారి లెక్కపెడితే మధ్యలో జరిగిందంతా మీ కళ్లబడకుండా పోతుంది. గేదెల్ని వారానికోసారి లెక్కపెడితే ఎప్పుడు చూసినా అదే అంకె. మేకలకు ఆరు నెలలకోసారి గానీ, ఏడాదికోసారి గానీ సరిపోతుంది.

ఒడిశా వైపు నుంచి వచ్చి మన జిల్లాలకూ మన్యానికీ మధ్య తిరిగే ఏనుగుల మీద ప్రాజెక్టు చేస్తామని అడిగేవాళ్లున్నారు. చేయకండి. అంత చిన్న గుంపులో ఒక్క ఏనుగు కరెంటు తీగ తగిలి పోయినా, ఒక్క గున్న పుట్టినా రేటు మొత్తం తలకిందులవుతుంది. ఈ సూత్రం సగటు మీద నడుస్తుంది. పట్టుమని పది తలలు లేనిచోట సగటుకు అర్థం ఉండదు.

3. లెక్కపెట్టండి

తొందర పడకూడని మెట్టు ఇది. ఇక్కడ తప్పితే తర్వాత ఎంత మంచి గ్రాఫ్ గీసినా లాభం లేదు.

లెక్క తీసే రోజు ప్రతి ఏడూ ఒకటే ఉండాలి. ఈ విషయంలో నేనే ఒకసారి బోల్తా పడ్డాను. చీపురుపల్లి దగ్గర మా అత్తగారి ఊళ్లో నాటుకోళ్ల మీద సరదాగా లెక్క మొదలుపెట్టాను. డిసెంబరులో ఒకసారి లెక్కపెట్టాను, ఫిబ్రవరిలో మళ్లీ వెళ్లాను. సగానికి సగం లేవు. ఏదో తెగులు తగిలిందనుకుని మరణాల రేటు కూడా కట్టేశాను. మా అత్తగారు నా పుస్తకం చూసి నవ్వి, "కనుమ పోయింది కదా బాబూ, ఇంక కోళ్లు ఏటుంటాయి?" అన్నారు.

విజయనగరం వైపు మేకలు, గొర్రెలు లెక్కపెట్టేవాళ్లకు ఇంకో చిక్కు ఉంది. పైడితల్లి అమ్మవారి సిరిమాను పండగ దసరా వెళ్లాక వచ్చే మంగళవారం జరుగుతుంది. ఆ మంగళవారం ప్రతి ఏడూ ఒకే తేదీన రాదు. మీరు "అక్టోబరు 10" అని తేదీ పెట్టుకుంటే ఒక ఏడు పండగకు ముందు లెక్క, మరో ఏడు పండగ తర్వాత లెక్క వస్తుంది. పండగలకు దూరంగా ఉండే తేదీ చూసుకోండి. నేనైతే జూలై మొదటివారం చెబుతాను.

అమ్మినవాటిని ఏం చేయాలన్నది తర్వాతి ప్రశ్న. రెండు దారులున్నాయి. మంద చేతిలో ఎంత మిగులుతుందో తెలియాలంటే అమ్మకాలు పోను ఉన్నవే లెక్కపెట్టండి. జంతువు సహజంగా ఎంత వేగంగా పెరుగుతుందో తెలియాలంటే అమ్మినవాటిని నోటుపుస్తకంలోంచి తిరిగి కలపండి. రెండూ సరైనవే, కాకపోతే వాటి జవాబులు వేరు. మీరు చేసింది ఏదో రిపోర్టులో రాయకపోతే చదివేవాడు రెండోదనుకుంటాడు.

ఇక వలసల సంగతి. టెక్కలి దగ్గర తేలినీలాపురానికి పెలికాన్లు, పెయింటెడ్ స్టార్క్‌లు ఏటా వచ్చి గూళ్లు కట్టి, పిల్లల్ని పెంచుకుని, ఎండలు ముదిరే వేళకు వెళ్లిపోతాయి. మన పిల్లలకు ఇది బాగా ఇష్టమైన ప్రాజెక్టు, ఊరు దగ్గర, ఫొటోలు బాగా వస్తాయి. వాళ్లు చేసే పని ఏమిటంటే మొదటి నెలలో వంద, రెండో నెలలో మూడు వందలు, మూడో నెలలో తొమ్మిది వందలు అని పట్టిక వేసి సూత్రంలో పెట్టేయడం. గీత చక్కగా వస్తుంది కూడా. కానీ ఆ పెరుగుదలలో ఎక్కువ భాగం బయటి నుంచి ఎగిరి వచ్చిన పక్షులు, అక్కడ పుట్టినవి కావు. మూడు రెట్ల పక్షులు వచ్చాయి గనక వచ్చే నెల ఇంకో మూడు రెట్లు వస్తాయనడానికి ఆధారం ఏదీ లేదు. ఇచ్ఛాపురం దగ్గర తేలుకుంచికి వచ్చే ఓపెన్‌బిల్ కొంగలదీ ఇదే కథ. పక్షుల మీదే చేయాలని ఉంటే, ప్రతి ఏడూ పూర్తిగా వచ్చి స్థిరపడ్డాక ఒకే వారంలో గూళ్లు లెక్కపెట్టి ఏడాదికి ఏడాదిని పోల్చండి. గూడు కదలదు, పక్షి కదులుతుంది.

సముద్రతీరంలో ఆలివ్ రిడ్లే తాబేళ్ల గుడ్లు లెక్కపెట్టేవాళ్లకు ఒక్క మాట: ఒక్క తాబేలు ఒక విడతలో సుమారు వంద గుడ్లు పెడుతుంది. గుడ్ల సంఖ్య తాబేళ్ల సంఖ్య కాదు. పొదిగి బయటికొచ్చినవాటిలో పెద్దవయ్యేవి బహు కొద్ది, అదీ పదేళ్లు దాటాకే. గుడ్ల మీద రేటు కట్టకండి.

4. పట్టిక వేయండి, కాలాన్ని సున్నా నుంచి మొదలుపెట్టండి

సాధన కోసం ఒక మంద అనుకుందాం. ఇవి నేను వేసిన అంకెలు, నిజంగా ఎవరివో కావు. అమ్మకాలు పోను, ప్రతి జూలైలో తీసిన లెక్క:

0వ ఏడు: 20
1వ ఏడు: 27
2వ ఏడు: 35
3వ ఏడు: 48
4వ ఏడు: 63
5వ ఏడు: 85

కాలం గడిలో 2019, 2020 అని సంవత్సరాలే వేసేవాళ్లు చాలామంది. అలా వేస్తే రేటు సరిగానే వస్తుంది గానీ "మొదటి సంఖ్య" క్రీస్తుశకం సున్నాలో ఉండాల్సిన మేకల సంఖ్యగా వస్తుంది. సున్నా, చుక్క, ఆ తర్వాత వందల సున్నాలు. కంప్యూటర్ పాడైందనుకుని నా దగ్గరకు వచ్చినవాళ్లున్నారు.

ఎక్కడైనా లెక్క సున్నా వస్తే అక్కడ ఆగండి. సున్నాకు సంవర్గమానం ఉండదు, కాలిక్యులేటర్ ఎర్రర్ చూపిస్తుంది. దాని బదులు 1 వేసి తప్పించుకోకండి. సున్నా అయ్యాక మళ్లీ జంతువులు కనిపించాయంటే బయటి నుంచి వచ్చినట్టే, అక్కడి నుంచి కొత్త లెక్క మొదలుపెట్టాలి.

5. ప్రతి సంఖ్యకూ సంవర్గమానం తీసి గ్రాఫ్ గీయండి

సంఖ్య కొట్టి ఎల్‌ఎన్ నొక్కండి. పై అంకెలకు వరసగా 2.996, 3.296, 3.555, 3.871, 4.143, 4.443 వస్తాయి. అడ్డంగా కాలం, నిలువుగా ఈ సంవర్గమానాలు పెట్టి చుక్కలు వేయండి.

ఇప్పుడు స్కేలు పెట్టి చూడండి. చుక్కలు ఇంచుమించు ఒకే సరళరేఖ మీద ఉంటే మీ మంద ఎక్స్‌పొనెన్షియల్‌గా పెరుగుతోంది. లేకపోతే లేదు. మామూలు అంకెలతో గీసిన గ్రాఫ్ పైకి వంగి ఉంది కాబట్టి ఎక్స్‌పొనెన్షియలే అనేవాళ్లతో నేను ఒప్పుకోను. పైకి వంగే గీతలు బోలెడు. సంవర్గమానం తీశాక తిన్నగా అయ్యేది ఇదొక్కటే.

పక్కపక్క సంఖ్యల నిష్పత్తి కూడా తీసి చూడండి. 27ని 20తో భాగిస్తే 1.35, ఆ తర్వాత 1.30, 1.37, 1.31, 1.35. అన్నీ ఒకే చుట్టుపక్కల ఉన్నాయి కాబట్టి ముందుకు వెళ్లొచ్చు. 1.5, 1.4, 1.3, 1.2 అని దిగుతూ వస్తే 9వ మెట్టుకు వెళ్లండి.

6. రేటు తీయండి

చేత్తో చేసేవాళ్లు: చివరి సంవర్గమానం లోంచి మొదటిది తీసి, మధ్య ఉన్న ఏళ్లతో భాగించండి. (4.443 − 2.996) ÷ 5 = 0.289. పరీక్షలో ఇది చాలు. కానీ ఇందులో రెండు కొసలకే విలువ. చివరి లెక్క తీసిన రోజు పది మేకలు పక్క తోటలో మేస్తూ మీ కంటబడకపోతే రేటు మొత్తం పాడవుతుంది.

ఎక్సెల్ ఉన్నవాళ్లు: ఒక వరసలో కాలం, రెండో వరసలో సంఖ్య, మూడో వరసలో ఎల్‌ఎన్. తర్వాత స్లోప్ (SLOPE, గీత వాలు) అనే ఫంక్షన్‌కు ముందు సంవర్గమానాల వరస, ఆ తర్వాత కాలం వరస ఇవ్వండి. ఈ క్రమం తారుమారైతే 3.46 లాంటి వింత జవాబు వస్తుంది. సరిగా ఇస్తే 0.288. మొదటి సంఖ్య కోసం ఇంటర్‌సెప్ట్ (INTERCEPT, కాలం సున్నా దగ్గర గీత విలువ) తీసి, దాన్ని ఈ మీద ఘాతంగా వేస్తే 20.0 వస్తుంది. ఫంక్షన్ల పేర్లు ఇంగ్లిష్ అక్షరాల్లోనే కొట్టాలని వేరే చెప్పక్కర్లేదనుకుంటాను.

7. సమీకరణం రాయండి, రెట్టింపు కాలం కట్టండి

మేకల సంఖ్య = 20 × ఈ^(0.288 × ఏళ్లు)

ఈ^0.288 అంటే 1.334. అంటే ఏటా 33.4 శాతం పెరుగుదల. రేటు 0.288 కదా, 28.8 శాతం అని రాయకండి. నా దగ్గరకు వచ్చే రిపోర్టుల్లో సగానికి పైగా ఈ తప్పు ఉంటుంది. 0.288 క్షణక్షణం కలిసే వడ్డీ లాంటిది, 33.4 శాతం ఏడాది చివర చేతికొచ్చేది. పెరుగుదల తక్కువైతే రెండూ దాదాపు ఒకటే అవుతాయి. దేశంలో మేకలు 2012 పశుగణనలో 13.517 కోట్లు, 2019లో 14.888 కోట్లు. ఏడేళ్లకు రేటు కడితే 0.0138, ఏటా శాతం 1.39. అక్కడ ఏది రాసినా ఎవరూ పట్టించుకోరు. మన మందలో పట్టించుకుంటారు.

ఈ గొడవే వద్దనుకుంటే ఇంకో రూపం ఉంది: 20 × 1.334^ఏళ్లు. అదే జవాబు వస్తుంది. లోను రిపోర్టుకు నేను దీన్నే రాయమంటాను, చదివేవాళ్లకు సులువు.

రెట్టింపు కాలం = 0.693 ÷ రేటు. ఇక్కడ 0.693 ÷ 0.288 = 2.4 ఏళ్లు, అంటే దాదాపు రెండేళ్ల అయిదు నెలలు. నెలల్లో కావాలంటే రేటును 12తో భాగించండి: 0.024. కాలం నెలల్లో వేసి రేటు ఏడాదిది వదిలేస్తే ఏం జరుగుతుందో తెలుసా? 12 నెలలకు 27 మేకలు రావాల్సిన చోట ఆరు వందల పైచిలుకు వస్తాయి. నవ్వొచ్చేంత పెద్ద తప్పు కాబట్టి దొరికిపోతుంది. రేటు నెలది, కాలం ఏళ్లది అయితే మాత్రం మంద కదలనట్టు ఉంటుంది, అది దొరకదు.

8. సరిచూడండి

మూడు రకాలుగా చూడాలి. మూడూ చేయండి, పావుగంట పని.

మొదటిది, సమీకరణంలో 0 నుంచి 5 దాకా వేసి అసలు అంకెల పక్కన పెట్టండి. ఎక్సెల్ ఇచ్చిన పూర్తి దశాంశాలతో వేస్తే మనకు 20.0, 26.7, 35.6, 47.5, 63.4, 84.6 వస్తాయి. అసలులోంచి ఇవి తీసేస్తే తేడాలు 0, +0.3, −0.6, +0.5, −0.4, +0.4. తేడా ఎంతన్నదే కాదు, గుర్తులు ఎలా ఉన్నాయో చూడండి. ప్లస్‌లూ మైనస్‌లూ ఇలా కలగాపులగంగా ఉండాలి. మొదట మైనస్‌లు, మధ్యలో వరసగా ప్లస్‌లు, చివర మళ్లీ మైనస్‌లు వస్తే మీ గీత వంగుతోందని అర్థం. ఎక్సెల్ చూపించే ఆర్ స్క్వేర్ (చుక్కలు గీతకు ఎంత దగ్గరగా ఉన్నాయో చెప్పే అంకె) 0.98 వచ్చిందని సంబరపడకండి. వంగిన గీతకు కూడా అది అలాగే వస్తుంది.

రెండోది, చివరి రెండు లెక్కల్ని దాచేసి మొదటి నాలుగింటితోనే రేటు కట్టండి. దానితో 4, 5 ఏళ్ల అంకెలు చెప్పండి, తర్వాత దాచినవి తీసి పోల్చండి. మన ఉదాహరణలో 63.5, 84.7 వస్తాయి, అసలు 63, 85. నేను వేసిన అంకెలు కాబట్టి ఇంత బుద్ధిగా కూర్చున్నాయి. మీ సొంత లెక్కలో పది శాతం లోపు తేడా ఉంటే నేను సంతోషిస్తాను.

మూడోది, సమీకరణాన్ని కావాలనే దూరం లాగి చూడండి. పదో ఏడు 358. ఇరవయ్యో ఏడు దాదాపు 6,400. అంత మందకు మేత ఏ కొండ మీద ఉంది? కాసేదెవరు? ఎక్కడ జవాబు మీకే నమ్మబుద్ధి కాదో ఆ ఏడుకు చాలా ముందే గీత వంగిపోతుంది.

ఈ మూడో పరీక్ష వాట్సాప్ మెసేజ్‌లకు కూడా పనికొస్తుంది. ఒక్క కుక్కల జంట ఆరేళ్లలో 67,000 అవుతుందని ఒకటి తిరుగుతుంటుంది. రేటు కట్టండి: 67,000ను 2తో భాగించి ఎల్‌ఎన్ తీస్తే 10.42, ఆరుతో భాగిస్తే 1.74. అంటే కుక్కల సంఖ్య అయిదు నెలలకోసారి, ఆరేళ్ల పాటు ఆగకుండా రెట్టింపు కావాలి. పుట్టిన కుక్కపిల్ల ఒక్కటీ లారీ కింద పడకూడదు, రోగంతో పోకూడదు. మన వీధుల్లో ఎన్ని పిల్లలు మిగులుతాయో మీరు చూస్తూనే ఉన్నారు.

ఇక నిజంగా జరిగిన లెక్క ఒకటి, చేత్తో వేసి చూడండి. బేరింగ్ సముద్రంలో సెయింట్ మాథ్యూ అనే దీవి ఉంది. రెండో ప్రపంచయుద్ధం నాటి అమెరికా కోస్ట్‌గార్డు 1944లో అక్కడ 29 రెయిన్‌డీర్లను వదిలింది, అక్కడ ఉండే మనుషులకు ఆపద్ధర్మంగా తిండికి పనికొస్తాయని. తోడేళ్లు లేవు, వలస లేదు, మేత బోలెడు. మన సూత్రానికి అంతకంటే మంచి చోటు దొరకదు. 1957లో లెక్కపెడితే 1,350. రేటు: ఎల్‌ఎన్(1,350 ÷ 29) = 3.84, 13తో భాగిస్తే 0.295. రెండేళ్ల నాలుగు నెలలకు రెట్టింపు. ఇదే రేటు సాగితే 1963లో దాదాపు 7,900 ఉండాలి. ఉన్నవి సుమారు 6,000. ఆ ఆరేళ్ల రేటు విడిగా కడితే 0.249. చూడటానికి మంద ఇంకా దూసుకుపోతూనే ఉంది, నాలుగు రెట్లకు పైగా పెరిగింది. కానీ రేటు దిగడం మొదలైంది. 0.249తోనే ముందుకు లాగితే 1966లో 12,600 దాటాలి. ఆ ఏడు లెక్కపెడితే దొరికినవి 42. మేత అయిపోయింది, మధ్యలో ఒక చలికాలం మంచు దారుణంగా కురిసింది.

అందుకే ఒక్క రేటు కట్టి ఊరుకోకుండా, కాలాన్ని ముక్కలు చేసి ప్రతి ముక్కకూ విడిగా రేటు కట్టమంటాను. రేటు దిగుతోందా అన్నది సంఖ్య పెరుగుతోందా అన్నదానికంటే ముందే కబురు చెబుతుంది.

9. గీత వంగితే

మేత, చోటు తక్కువైనకొద్దీ రేటు దిగుతుంది. అప్పుడు వాడాల్సింది లాజిస్టిక్ రూపం. ఏడాదికోసారి ఇలా కట్టుకుంటూ పోవచ్చు:

వచ్చే ఏటి సంఖ్య = ఇప్పటి సంఖ్య + వాటా × ఇప్పటి సంఖ్య × (1 − ఇప్పటి సంఖ్య ÷ పరిమితి)

వాటా అంటే మంద చిన్నదిగా ఉన్నప్పుడు ఏటా పెరిగే భాగం. పరిమితి అంటే ఆ చోటు మోయగలిగిన సంఖ్య. ఈ పరిమితి ఎంత అని మన 20 నుంచి 85 దాకా ఉన్న అంకెల్ని అడిగి లాభం లేదు. వాటిలో వంపే లేదు. వంపు కనబడని లెక్కలోంచి పరిమితి తీశామని ఎవరైనా అంటే అది ఊహ. మేత భూమి ఎంత, ఏడాదిలో ఎన్ని నెలలు పచ్చగా ఉంటుంది అన్నది కాపరిని అడిగి ఒక అంచనా వేసుకోండి, అది అంచనా అనే రాయండి.

వంపు కాకుండా ఒక్కసారిగా విరిగితే సంగతి వేరు. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను మన జిల్లాను కొట్టిన ఏటిని మధ్యలో పెట్టుకుని ఒకే గీత లాగడం తప్పు. తొలకరి వానలకు లేత గడ్డి మేసి చిటుక వ్యాధి తగిలి సగం మంద పోయిన ఏడు కూడా అంతే. విరిగిన చోటికి ముందొక లెక్క, తర్వాతొక లెక్క వేయండి. రెండు రేట్లూ దగ్గరగా వస్తే దెబ్బ తాత్కాలికమే అనుకోవచ్చు.

విరగడం, పెరగడం కాకుండా లెక్కపెట్టే పద్ధతే మారిపోవడం ఇంకొకటి. దేశంలో పులులు 2006 అంచనాలో 1,411, 2022లో 3,682. రేటు 0.06, పన్నెండేళ్ల లోపు రెట్టింపు. పులులు పెరిగిన మాట నిజమే. కానీ 2006 అంకెలో సుందర్‌బన్స్ లేదు, ఆ తర్వాత కెమెరాలు పెరిగాయి, చూసిన అడవి విస్తీర్ణమూ పెరిగింది. 0.06 మొత్తం పుట్టుకల వల్లే అని రాస్తే వైవాలో ఇరుక్కుంటారు.

10. రిపోర్టులో ఇలా రాయండి

ఒట్టి సమీకరణం రాసి వదిలేయకండి. ఈ నమూనాలో మీ అంకెలు పెట్టుకోండి:

"ప్రతి జూలై మొదటివారంలో, అమ్మకాలు పోను, నెల దాటిన పిల్లలతో కలిపి మందను ఆరుసార్లు లెక్కించాం. రేటు ఏడాదికి 0.288, రెట్టింపు కాలం 2.4 ఏళ్లు. మొదటి నాలుగు లెక్కలతో చివరి రెండిటిని అంచనా వేస్తే తేడా ఒక శాతం లోపు ఉంది. ఇప్పటి మేత భూమి, ఇప్పటి అమ్మకాల తీరు మారనంతవరకు రాబోయే రెండేళ్లకు మాత్రమే ఈ సమీకరణం వాడాం: ఆరో ఏటికి 113, ఏడో ఏటికి 151."

151 పక్కన దశాంశాలు వద్దు. 150.6 మేకలు ఎవరి దొడ్లోనూ ఉండవు. రెండేళ్లే ఎందుకని అడిగితే, నాది మోటు లెక్క: ఎన్నేళ్ల లెక్క చేతిలో ఉందో అందులో సగం కంటే ముందుకు చెప్పను. లోను కోసం అయిదేళ్లు తప్పదంటే మూడు వరసలు వేయండి, ఒకటి ఇదే రేటుతో, ఒకటి సగం రేటుతో, ఒకటి మూడో ఏట మంద మూడోవంతు పోయినట్టు. కిస్తీ కట్టగలరా లేదా అన్నది ఆ మూడో వరస చూసి తేల్చుకోండి.